నియామక పరీక్ష రద్దయితే న్యాయస్థానం ఏం చూస్తుంది?

ప్రశ్నపత్రం బయటకు పొక్కిందనో, జవాబు పత్రాలు తారుమారయ్యాయనో ప్రభుత్వం ఒక్క ఉత్తర్వుతో నియామక పరీక్షను రద్దు చేస్తుంది. అక్రమానికి పాల్పడినవారు కొందరే అయినా, ఏళ్ల తరబడి చదివిన వేలాది మంది కష్టం బూడిదలో పోసిన పన్నీరవుతుంది. ఇలా నష్టపోయినవారు కోర్టుకెక్కితే కొన్ని సందర్భాల్లో ఊరట లభించింది. మరికొన్నింటిలో నిరాశే ఎదురైంది. ఈ తేడాకు కారణమేమిటో సుప్రీంకోర్టు తీర్పులు తెలియజేస్తాయి.

హక్కు ఎంతవరకు?

ఎంపిక జాబితాలో పేరు ఉన్నంత మాత్రాన ఉద్యోగంపై తిరుగులేని హక్కు దఖలు పడదని 1991లో శంకర్‌సన్ దాస్ కేసులో రాజ్యాంగ ధర్మాసనం స్పష్టం చేసింది. అయితే ప్రభుత్వం ఇష్టానుసారం వ్యవహరించడానికి వీల్లేదని, తన నిర్ణయానికి సహేతుక కారణం చూపాలని అదే తీర్పు పేర్కొంది. కనుక అభ్యర్థి తనకు ఉద్యోగం ఇప్పించాలని కోరడం కంటే, రద్దు నిర్ణయం నిర్హేతుకమని, రాజ్యాంగంలోని 14, 16 అధికరణలకు విరుద్ధమని నిరూపించవలసి ఉంటుంది.

తాలు, గింజ వేరుచేయగలిగితే

సీబీఐ కానిస్టేబుళ్ల నియామకంపై 2003లో వెలువడిన తీర్పు అభ్యర్థులకు అండగా నిలుస్తోంది. అందులో 134 పోస్టులకు జరిగిన ఎంపిక మొత్తాన్ని అధికారులు రద్దు చేశారు. జవాబు పత్రాలను తిరిగి పరిశీలించగా అనర్హులుగా తేలినవారు 31 మందే. వారిని గుర్తించే వీలున్నప్పుడు మిగిలినవారిని శిక్షించడం అసమంజసమని సుప్రీంకోర్టు తేల్చింది. పంజాబ్ పబ్లిక్ సర్వీస్ కమిషన్ కుంభకోణంపై 2006లో ఇచ్చిన తీర్పులోనూ, దోషులను నిర్దోషుల నుంచి వేరుచేసే ప్రయత్నం జరగాలని చెప్పింది.

2024 నాటి నీట్ ప్రవేశ పరీక్ష ఉద్యోగ నియామకం కాకపోయినా అక్కడా ఇదే కొలమానాన్ని పాటించింది. పాట్నా, హజారీబాగ్‌లలో ప్రశ్నపత్రం లీకైన మాట వాస్తవమే అయినా, పరీక్ష పవిత్రత మొత్తంగా దెబ్బతిన్నట్లు ఆధారాలు లేవంటూ పునఃపరీక్షకు నిరాకరించింది.

వేరుచేయలేని పక్షంలో

ఢిల్లీ ప్రభుత్వ ఉద్యోగాలకు 2009లో ప్రకటన వెలువడింది. అక్రమాల ఆరోపణలతో 2016లో ఆ ప్రక్రియను రద్దు చేశారు. రద్దు చెల్లదన్న హైకోర్టు తీర్పును 2021లో సుప్రీంకోర్టు కొట్టివేసింది. లోపాలు ప్రక్రియ మూలాల్లోనే ఉన్నప్పుడు, కొందరు నిజాయతీపరులు నష్టపోయినా రద్దు సమర్థనీయమేనని తేల్చింది.

పశ్చిమ బెంగాల్ పాఠశాలల సిబ్బంది కేసు మరింత తీవ్రమైనది. 2016 నియామక ప్రక్రియ కింద ఇచ్చిన 25,753 నియామకాలను రద్దు చేస్తూ కలకత్తా హైకోర్టు ఇచ్చిన తీర్పును 2025 ఏప్రిల్ 3న సుప్రీంకోర్టు ప్రధానంగా సమర్థించింది. అసలు ఓఎంఆర్ పత్రాలను ధ్వంసం చేయడం, అక్రమాలను కప్పిపుచ్చడానికి ప్రయత్నించడం వల్ల ప్రక్రియ సరిదిద్దలేనంతగా కలుషితమైందని పేర్కొంది. అక్రమంగా చేరినట్లు తేలినవారు జీతం తిరిగి చెల్లించాలని ఆదేశించింది. మచ్చలేనివారికి ఆ భారం తప్పినా, ఏళ్లుగా చేస్తున్న కొలువు మాత్రం దక్కలేదు. తాజా నియామకంలో వారికి వయోపరిమితి సడలింపు ఇచ్చారు.

తెలంగాణలో రెండుసార్లు

తెలంగాణలో 503 గ్రూప్-1 పోస్టులకు 2022 అక్టోబరు 16న జరిగిన ప్రాథమిక పరీక్షను ప్రశ్నపత్రాల లీకేజీ కారణంగా 2023 మార్చిలో కమిషన్ రద్దు చేసింది. జూన్ 11న తిరిగి పరీక్ష నిర్వహించగా, బయోమెట్రిక్ హాజరు తీసుకోలేదంటూ ఈసారి అభ్యర్థులే హైకోర్టుకు వెళ్లారు. సెప్టెంబరులో సింగిల్ జడ్జి ఆ పరీక్షను రద్దు చేయగా డివిజన్ బెంచ్ సమర్థించింది. చివరకు 2024 ఫిబ్రవరిలో పాత ప్రకటనను ఉపసంహరించి, 563 పోస్టులకు కొత్త ప్రకటన ఇచ్చారు. లీకేజీతో సంబంధం లేనివారు సైతం ఒకే దశ పరీక్షను మళ్లీ మళ్లీ రాయవలసి వచ్చింది.

ఎక్కడ దాఖలు చేయాలి?

పరిపాలనా ట్రైబ్యునల్ రద్దయినందున ఆంధ్రప్రదేశ్, తెలంగాణలలో రాష్ట్ర ఉద్యోగాల వివాదాలపై 226వ అధికరణ కింద నేరుగా హైకోర్టులో రిట్ వేయాలి. కేంద్ర ఉద్యోగాలకు సంబంధించి హైదరాబాద్‌లోని కేంద్ర పరిపాలనా ట్రైబ్యునల్‌ను ముందుగా ఆశ్రయించాలి.

ఇతరుల ఎంపికను రద్దు చేయాలని కోరేవారు, ఎంపికైనవారిని ప్రతివాదులుగా చేర్చడం తప్పనిసరి. అందరినీ చేర్చడం కష్టమైతే కొందరినైనా ప్రతినిధులుగా చేర్చాలి. తగిన కారణం లేకుండా జాప్యం చేస్తే కేసు ఆ ఒక్క కారణంతోనే వీగిపోవచ్చు. హాల్‌టికెట్, ఓఎంఆర్ నకలు, ప్రాథమిక కీ, రద్దు ఉత్తర్వు ప్రతులను భద్రపరచుకోవాలి. అన్నిటికంటే ముఖ్యమైనది విచారణ నివేదిక. అక్రమం ఏ కేంద్రానికి, ఎంతమందికి పరిమితమైందో అందులో తేలితేనే, తాలును వేరుచేయవచ్చన్న వాదనకు బలం చేకూరుతుంది.