ప్రభుత్వము చేయుట, లొంగదీయుట: ఒక క్రియాపద చరిత్ర, కాపరి బాధ్యత

పరిచయము

కొన్ని సంవత్సరాల క్రితము మద్దికెర ప్రాంతములోని ఒక పల్లెలో, సాయంకాల ప్రార్థన కూడికలో, మేము మార్కు సువార్త 10వ అధ్యాయము బోధించుచుంటిమి. అన్యజనుల అధికారులు జనులమీద ప్రభుత్వము చేయుదురు, మీలో ఆలాగు ఉండకూడదు అని యేసు శిష్యులతో చెప్పిన మాటను వివరించుచుండగా, చాపమీద కూర్చున్న ఒక వృద్ధురాలు అడ్డు వచ్చినది. "అయ్యగారూ, ప్రభుత్వం చేసేది తప్పెట్లయితాది? మాకు నెలనెలా బియ్యమిచ్చేది ప్రభుత్వమే కదా?" అని అడిగినది. "ఇక్కడ ప్రభుత్వమంటే వేరవ్వా" అని చెప్పి మేము ముందుకు సాగిపోతిమి. అది జవాబు కాదని ఇంటికి వచ్చిన తరువాత తెలిసినది. ఆమె ప్రశ్నకు ఆలస్యముగా వెదకిన జవాబే ఈ వ్యాసము.

ఈ వ్యాసములో మేము పరిశీలించునది ఒకే క్రియాపదము: ఒకరిని బలముతో లొంగదీసి వారిపై యజమానియగుట. ఈ భావమునకు ఇంగ్లీషులో, గ్రీకులో, హెబ్రీలో, తెలుగులో ఏ మాటలు వచ్చినవి, ఆ మాటలు మన ప్రాంత చరిత్రలో ఎట్లు వినబడినవి, కాపరికి అవి ఏమి చెప్పుచున్నవి అనునవి ఇందులోని అంశములు.

1. ఇంగ్లీషులో ఒక అరుదైన మాట

ఇంగ్లీషులో 'ఓవర్‌మాస్టర్' అను క్రియ ఒకటి కలదు. నేడు దానిని వాడువారు తక్కువ. 'ఓవర్' అనగా పైన. 'మాస్టర్' అనగా యజమాని. ఒకనిపై యజమానియై వానిని తన ఆధీనములో ఉంచుకొనుట దీని భావము. శత్రువును లొంగదీయుటకు దీనిని వాడిరి. అంతకంటె ఎక్కువగా దుఃఖము, కోపము, కోరిక మనిషిని లొంగదీయు సందర్భములలో వాడిరి. షేక్‌స్పియర్ తన హామ్లెట్ నాటకములో, మిత్రులు తమ కుతూహలమును అణచుకొనవలెనని హామ్లెట్ కోరు చోట ఈ మాటను ఉపయోగించెను.

'మాస్టర్' అను మాట లాటిను 'మగిస్తెర్' నుండి వచ్చినది. దానికి యజమాని అనియు, బోధకుడు అనియు రెండర్థములు. మన పల్లెలలో బడిపంతులును 'మాస్టరు' అనుటలో ఆ రెండవ అర్థమే నిలిచినది. ఒకే మాటలో బోధకుడును యజమానియు ఇమిడియుండుట గమనించదగినది. బోధించువాడు ఎప్పుడు యజమానిగా మారునో వానికే తెలియదు.

1611 నాటి కింగ్ జేమ్స్ అనువాదము 'ఓవర్‌మాస్టర్' అను మాటను వాడలేదు. అయితే 1881లో వెలువడిన సవరించిన ఇంగ్లీషు క్రొత్త నిబంధన, అపొస్తలుల కార్యములు 19:16లో దాని మూలమైన 'మాస్టర్' అను క్రియను వాడినది. స్కెవ కుమారులమీద పడిన దయ్యము పట్టినవాడు వారికి 'మాస్టర్' అయ్యెనని ఆ అనువాద భావము. ఆ చోట గ్రీకులో ఉన్న మాటయే మన పరిశీలనకు ఆధారము.

2. గ్రీకు మాట, దాని వెనుక హెబ్రీ మాట

ఆ గ్రీకు క్రియ 'కతకురియెవో'. 'కత' అనగా క్రిందికి. 'కూరియోస్' అనగా ప్రభువు. క్రొత్త నిబంధనలో ఈ క్రియ నాలుగు చోట్ల మాత్రమే కలదు: మత్తయి 20:25, మార్కు 10:42, అపొస్తలుల కార్యములు 19:16, 1 పేతురు 5:3. ఈ నాలుగు చోట్లను ఒకచోట చేర్చి చూడవలెను. మొదటి రెండు చోట్ల ఆ పని చేయువారు అన్యజనుల అధికారులు. మూడవ చోట చేసినవాడు దురాత్మ పట్టినవాడు. నాలుగవ చోట, ఆ పని చేయవద్దని హెచ్చరింపబడినవారు సంఘపు పెద్దలు. క్రొత్త నిబంధనలో ఎక్కడను ఈ క్రియ ఒక విశ్వాసి చేయదగిన పనిగా కనబడదు.

పాత నిబంధన గ్రీకు అనువాదమైన సెప్టువజింతులో పరిస్థితి వేరు. ఆదికాండము 1:28లో భూమిని లోపరచుకొనుమని దేవుడు నరునికిచ్చిన ఆజ్ఞకు ఈ క్రియనే వాడిరి. 110వ కీర్తన 2వ వచనములో అభిషిక్తుడు శత్రువుల మధ్యను పరిపాలన చేయుటకును ఇదే క్రియ. కాబట్టి ఈ మాట దానంతట అది చెడ్డ మాట కాదు. ఎవరు, ఎవరిమీద అను ప్రశ్నయే దాని మంచిచెడ్డలను తేల్చును.

ఆదికాండము 1:28లో హెబ్రీ మాట 'కబాష్'. కాలిక్రింద తొక్కి అణచుట దాని మూలభావము. సొలొమోను సింహాసనమునకున్న పాదపీఠమును తెలుపు మాట (2 దినవృత్తాంతములు 9:18) ఈ ధాతువునకు చెందినదే. ఆదికాండములో దాని కర్మ భూమి. అయితే మనుష్యులు కర్మయైన చోట్ల అది ఎంత భయంకరమగునో లేఖనము దాచలేదు. యిర్మీయా 34:11లో విడిపించిన దాసులను యజమానులు మరల పట్టి దాసులుగా చేసికొనుటకు ఇదే మాట. ఎస్తేరు 7:8లో హామాను రాణిని బలవంతము చేయుచున్నాడని రాజు అనుమానించుటకు ఇదే మాట. నెహెమ్యా 5:5లో అప్పుల పాలైన రైతులు తమ కుమారులను కుమార్తెలను దాస్యమునకు అప్పగించుటకును ఇదే మాట. కరవు, అప్పు, జీతమునకు పెట్టిన పిల్లలు: ఈ వచనము మన పశ్చిమ కర్నూలు పల్లెలకు వ్యాఖ్యానము లేకయే అర్థమగును.

3. తెలుగు బైబిలులో ఒక మాటకు అనేక రూపములు

తెలుగు బైబిలు చరిత్ర పాఠకులకు తెలిసినదే. 1805లో విశాఖపట్టణము చేరిన లండను మిషను వారు క్రాన్, దే గ్రాంజ్, వారికి సహాయుడైన ఆనందరాయర్ ప్రారంభించిన పనివలన మొదటి మూడు సువార్తలు 1812లో శ్రీరాంపురములో అచ్చయినవి. ప్రిచెట్ క్రొత్త నిబంధన 1818లో మద్రాసులో వెలువడినది. తరువాత వార్డ్లా, హే మొదలగువారి శ్రమ, 20వ శతాబ్దపు ఆరంభపు సవరణలు కలిసి, నేడు మనము పాత అనువాదమని పిలుచుకొను గ్రంథమునకు రూపమిచ్చినవి.

ఈ అనువాదములో 'కతకురియెవో' ఎట్లు వచ్చినదో చూడుడి. సువార్తలలో 'ప్రభుత్వము చేయుట'. అపొస్తలుల కార్యములలో 'లొంగదీయుట'. పేతురు పత్రికలో 'ప్రభువులైనట్టు' ఉండుట. ఆదికాండములో అదే భావమునకు 'లోపరచుకొనుట'. అపొస్తలుల కార్యములు 19:16లో తెలుగు అనువాదము 'ఇద్దరిని' అని చెప్పుటనుబట్టి, మన సవరణకర్తలు కింగ్ జేమ్స్ వెనుకనున్న పాఠమును గాక, 1881 నాటి సవరణ అనుసరించిన ప్రాచీన ప్రతుల పాఠమును ఇక్కడ స్వీకరించిరని తెలియుచున్నది.

అదే వచనములో 'లొంగదీసి' తరువాత 'గెలిచెను' అని మరియొక మాట ఉన్నది. అది వేరొక గ్రీకు క్రియకు అనువాదము. ఈ రెండింటి భేదము మద్దికెరవారికి చెప్పనక్కరలేదు. ఏటేట విజయదశమినాడు అక్కడ యాదవ వంశీకులైన పెద్దనగరి, చిన్ననగరి, యామనగరి కుటుంబములవారు గుర్రపు పందెము తోలుదురు. పందెములో గెలిచినవాడు గెలిచినవాడే గాని, ఓడినవాడు వానికి లొంగినవాడు కాడు. మరుసటి ఏట మరల గుర్రమెక్కును. గెలుపులో ఎదుటివాడు నిలిచియుండును. లొంగదీయుటలో వాడు నిలువడు.

'లోబడు', 'లోపరచు' అను మాటలు మరియొక చిత్రము చూపును. ఇంగ్లీషు మాటలో 'పైన' ఉన్నది; గ్రీకు మాటలో 'క్రింద' ఉన్నది; తెలుగు మాటలో 'లో' ఉన్నది. ఒకరి హద్దులోనికి వచ్చుట లోబడుట. లోపలికి తీసికొనబడినది కాపాడబడవచ్చును, బంధింపబడవచ్చును. ఆ భారము లోపరచువానిదే.

ఇక 'ప్రభుత్వము చేయుట' సంగతి. ఆ అనువాదము నాటికి ప్రభుత్వమనగా ప్రభువుగా ఉండుట అను భావము వినబడెను. నేడు ప్రభుత్వమనగా పరిపాలనా వ్యవస్థ: పింఛను, బియ్యము, మండల కార్యాలయము. అందుచేత మన అవ్వ చెవికి యేసు మాట, ప్రభుత్వ కార్యాలయమును తప్పుపట్టినట్టు వినబడినది. తప్పు ఆమెది కాదు. మాట అర్థము మారినది, మేము గమనించలేదు.

4. దత్తమండలములో లొంగదీయుట

ఈ మాటలు మన సీమలో వట్టి మాటలు కావు. 1800లో నైజాము ఈ ప్రాంతమును ఇంగ్లీషు కంపెనీకి ఇచ్చివేసినందున దీనికి దత్తమండలమను పేరు వచ్చినది. అప్పటికి ఇక్కడ పాలెగాండ్లు కోటలు, బంట్లు పెట్టుకొని పల్లెలను ఏలుచుండిరి. 1800 నుండి 1807 వరకు ప్రధాన కలెక్టరుగా ఉన్న థామస్ మన్రో, సైన్యబలముతో వారిని అణచి, కొందరిని తొలగించి, కొందరికి భరణము ఏర్పరచెను. ఆ భరణపు వివాదమునుండియే 1846లో ఉయ్యాలవాడ నరసింహారెడ్డి తిరుగుబాటు పుట్టినది. 1847 ఫిబ్రవరి 22న కోయిలకుంట్లలో ఆయనను ఉరితీసిరి.

మన్రో తరువాత మద్రాసు గవర్నరాయెను. 1827లో దత్తమండలమును చూడవచ్చి, జూలై 6న, మద్దికెరకు పొరుగుననే ఉన్న పత్తికొండలో కలరాతో మరణించెను. మొదట గుత్తిలో సమాధి చేసిరి. శిస్తును నేరుగా రైతుతో నిర్ణయించిన రైత్వారీ పద్ధతివలన ఆయన పేరు జనులకు ప్రియమైనది. సీమలో పిల్లలకు మన్రోలప్ప అని పేరు పెట్టుకొనిరి.

ఇక్కడ మనము ఆగి ఆలోచించవలెను. పాలెగాడు దోచి లొంగదీసినవాడు. మన్రో లొంగదీసి మేలు చేసినవాడు. మొదటివానిని యేసు మాట ఖండించునని అందరము ఒప్పుకొందుము. రెండవవాని సంగతి ఏమి? అవ్వ ప్రశ్న సరిగా ఇదే: బియ్యమిచ్చేవారు తప్పెట్లగుదురు?

5. 'ఉపకారులు': లూకా జవాబు

కొందరు పండితులు 'కత' అను ఉపసర్గలోనే అణచివేత ఉన్నదనియు, యేసు ఖండించినది అధికార దుర్వినియోగమును మాత్రమే అనియు చెప్పుదురు. మరికొందరు ఆ క్రియకు కేవలము ఏలుట అనియే అర్థమందురు. ఈ వివాదమును లూకా 22:25 చాలవరకు తీర్చుచున్నదని మా అభిప్రాయము. లూకా 'కత' లేని సాధారణ క్రియనే వాడెను. అంతేగాక, అట్లు అధికారము చేయువారు 'ఉపకారులు' అని పిలువబడుదురని చేర్చెను. ఇది ఊహామాత్రపు మాట కాదు. గ్రీకులో 'యుఎర్గెతేస్' అనగా ఉపకారి, ఆ కాలపు రాజుల బిరుదు. ఐగుప్తును ఏలిన మూడవ టోలెమీకి ఆ బిరుదే పేరైనది.

అనగా యేసు దుష్టులైన రాజులను మాత్రమే గాక, మేలు చేసి పేరు పొందిన ప్రభువులను కూడ శిష్యుల ముందు నిలిపి, మీరాలాగు ఉండరాదని చెప్పెను. ఆయన ప్రభుత్వమును రద్దు చేయలేదు, బియ్యమిచ్చుట తప్పనలేదు. శిష్యుల మధ్య ఉండవలసిన సంబంధము ఉపకారికిని ఉపకారము పొందినవానికిని ఉండు సంబంధము కాదని చెప్పెను. ఉపకారి ఇచ్చును గాని పైననే ఉండి ఇచ్చును. పరిచారకుడు క్రింద నిలిచి వడ్డించును.

6. కాపరికి అప్పగింపబడినవారు

పేతురు ఆ మాటను మరచిపోలేదు. సువార్తలోని అదే క్రియను పెద్దలకు వ్రాయునప్పుడు వాడెను. 'అప్పగింపబడినవారు' అను మాటకు గ్రీకులో వంతుగా పంచి ఇయ్యబడినవారు అని భావము. మన మెట్టపొలాలలో గొర్రెల కాపరి ఎరువు కొరకు రాత్రి మందను చేనిలో నిలిపి, తానును ఆ చేనిలోనే పండుకొనుట మనకు తెలిసినదే. తరచుగా ఆ గొర్రెలలో కొన్ని ఇతరులవి. లెక్క అప్పజెప్పవలసినవాడు ఆయన. పేతురు చెప్పు కాపరి అట్టివాడు.

మేమును ఈ హెచ్చరికకు వెలుపల లేము. ఒకప్పుడు ఒక సంఘములో కమిటీ తగవు వచ్చినప్పుడు, ఎదిరించినవారిని సమాధిస్థలము, వివాహము, రొట్టె విరుచుట అను వాటిని అడ్డుపెట్టి దారికి తెచ్చితిమి. సంఘము నిశ్శబ్దమైనది. ఆ నిశ్శబ్దమును మేము సమాధానమని నివేదికలో వ్రాసితిమి. రెండు కుటుంబములు మరల గుడికి రాలేదు. వారిని మేము గెలువలేదు, లొంగదీసితిమి. ముఠాకక్షలను ఖండించి ప్రసంగించు మనము, పాలెగాని పద్ధతిని పులిపీఠముమీదికి తెచ్చుకొనుచున్నామేమో అని ప్రతి కాపరియు తన్ను తాను పరీక్షించుకొనవలెను. మేలు చేసిన కాపరులకు ఈ పరీక్ష మరి అవసరము. గుడి కట్టించితిని, పిల్లలను హాస్టలులో చేర్పించితిని, కాబట్టి నా మాట వినవలెను అనునది ఉపకారి మాట.

ముగింపు

తరువాత ఒకసారి అదే పల్లెకు వెళ్లినప్పుడు, మేము నేర్చుకొన్నది ఆ అవ్వకు సులువుగా చెప్ప ప్రయత్నించితిమి. ఆమె కొంతసేపు విని, "అంటే ఒకరినొకరు తొక్కిపెట్టొద్దని గదా సామి చెప్పింది" అన్నది. 'కత'లోని క్రిందు, 'కబాష్'లోని పాదము రెండును ఆమె మాటలో ఉన్నవి. మాకు నిఘంటువులలో దొరకని అనువాదము అది.

'కబాష్' అను మాట చివరిగా ఒక శుభవార్తగా వచ్చును. మీకా 7:19లో దేవుడు అణచివేయునది మనుష్యులను కాదు, మన దోషములను. దేవుడు తొక్కిపెట్టినది అదే. మనలను ఆయన లేవనెత్తెను. కాపరికి అణచవలసినది ఏదైన ఉన్నయెడల, అది మొదట తన హృదయములోనే ఉన్నది. మంద అణచబడుటకు అతనికి అప్పగింపబడలేదు.