బోర్డు, పరిషత్తు

ఉదయగిరి, ఆత్మకూరు ప్రాంతములందలి పల్లెవారికి ఆంగ్లము రాకున్నను బోర్డు అను మాట తెలియును. బడిలోని నల్లబల్ల బోర్డు. అంగడిమీది పేరుపలక బోర్డు. ఒకప్పుడు బడిని నడిపిన సంఘమును బోర్డే. ఒక్క మాటకు ఇన్ని యర్థము లెట్లు కలిగినవి?

ప్రాచీనాంగ్లమున బోర్డనగా కొయ్యపలక. పలకకు కాళ్లమర్చగా భోజనపుబల్ల యైనది. బల్లపేరు దానిపై వడ్డించు నన్నమునకు సంక్రమించినది. విద్యార్థుల బోర్డింగు అందుండి పుట్టినదే. తుదకు ఆలోచనకై బల్లచుట్టును గూర్చున్నవారికిని ఆ పేరే చెల్లినది. 1884 నాటి చెన్నపురి రాజధాని చట్టముతో జిల్లా, తాలూకా బోర్డులు మనకు వచ్చినవి.

మన రచ్చ చరిత్రయు నిట్టిదే. సంస్కృతమున రథ్య యనగా వీథి. దాని వికృతియైన రచ్చ పదుగురు కూడు చోటైనది, పిదప కలహమునకును పేరైనది. ఐనను రచ్చబండ ఊరిదే గాని, దానిపై గూర్చుండు హక్కు ఊరందరిదియు గాకుండెను. స్త్రీలును, అంటరానివారని త్రోయబడినవారును దూరమున నిలిచిరి.

1959లో జిల్లా బోర్డు స్థానమున జిల్లా పరిషత్తు వెలసినది. పరిషత్తనగా చుట్టును గూర్చుండుట! మాట మారినను భావము మారలేదు. 1992 నాటి 73వ రాజ్యాంగ సవరణము స్త్రీలకు మూడవవంతుకు తగ్గకుండ స్థానము లేర్పరచినది; దళితులకు, గిరిజనులకు జనసంఖ్యానుసారముగా నేర్పరచినది. కాని ఎన్నికైన యిల్లాలి కుర్చీలో పెనిమిటి కూర్చుండుచో బల్ల యున్నను బోర్డు లేనట్లే. చదువరులారా, మన యింటి స్త్రీ ఎన్నికైనచో ఆ కుర్చీ నామెకే విడువుదము.