కాలిగరి వెనుక పోమర్: ఒక నిర్మాత పాలు ఎంత?

జర్మన్ మూకీ చిత్రాల చరిత్రలో నిర్మాత ఎరిక్ పోమర్ పేరు సాధారణంగా ‘ది క్యాబినెట్ ఆఫ్ డాక్టర్ కాలిగరి’తో ముడిపడి వినిపిస్తుంది. 1920 ఫిబ్రవరి 26న బెర్లిన్‌లో విడుదలైన ఆ చిత్రం ఆయన కీర్తికి పునాది అని పలువురి అభిప్రాయం. అయితే ఆ చిత్రంలో ఆయన పాలు ఎంత అన్న ప్రశ్న దగ్గరే సాక్ష్యాలు ఒకదానితో ఒకటి పొసగవు. వాటిని వరుసగా పరిశీలించడం ఈ వ్యాస ఉద్దేశం.

1. నేపథ్యం. పోమర్ 1889 జూలై 20న హిల్డెస్‌హైమ్‌లో జన్మించారు. 1907లో ఫ్రెంచ్ సంస్థ గోమోం బెర్లిన్ శాఖలో చేరారు. ఆ తర్వాత మరో ఫ్రెంచ్ సంస్థ ఎక్లేర్‌కు ప్రతినిధిగా పనిచేశారు. మొదటి ప్రపంచ యుద్ధ కాలంలో, 1915లో, డెక్లా సంస్థ ఏర్పడింది. ‘జర్మన్ ఎక్లేర్’ అన్న అర్థం వచ్చే జర్మన్ మాటల కుదింపే ఆ పేరు. దీన్ని బట్టి ఆయన కళారంగం నుంచి కాక, సినిమా అమ్మకాల వైపు నుంచి నిర్మాణంలోకి వచ్చారని భావించవచ్చు.

2. కాలిగరి నిర్మాత ఎవరు? రచయితలు హాన్స్ యానోవిట్జ్, కార్ల్ మయర్‌ల నుంచి 1919 ఏప్రిల్‌లో స్క్రిప్ట్ కొన్నది పోమరే అన్నది బలంగా నిలిచే అంశం. చిత్రీకరణను నడిపించింది ఎవరన్నది వేరే ప్రశ్న. అప్పటికి రుడాల్ఫ్ మైనెర్ట్ కూడా డెక్లాలో నిర్మాణ బాధ్యతల్లో ఉన్నారు. అసలు పర్యవేక్షణ మైనెర్ట్‌దేనని కళా దర్శకుల్లో ఒకరైన హెర్మన్ వార్మ్ తర్వాతి కాలంలో వాదించారు. పోమర్ కథనం ఇందుకు భిన్నం. ఈ వాంగ్మూలాలు సంఘటనకు దశాబ్దాల తర్వాత వచ్చినవి కనుక, ఏ ఒక్కదాన్నీ పూర్తిగా నమ్మడం క్షేమం కాదు.

3. కథ చుట్టూ ఉన్న కథ. చెప్పేవాడు పిచ్చాసుపత్రి రోగి అని చివర్లో తేలడం ఈ చిత్రంలో కీలకం. అధికారంపై తాము ఎక్కుపెట్టిన కథను ఈ మార్పు తలకిందులు చేసిందని యానోవిట్జ్ ఆరోపణ. ఆయన రాతప్రతిని ఆధారం చేసుకుని సినిమా విమర్శకుడు జీగ్‌ఫ్రీడ్ క్రాకవర్ 1947లో తన గ్రంథంలో ఆ వాదనను ప్రచారంలోకి తెచ్చారు. కానీ నటుడు వెర్నర్ క్రౌస్ వద్ద ఉండిన స్క్రిప్ట్ ప్రతి తర్వాత వెలుగు చూసింది. అందులోనూ ఒక చుట్టుకథ ఉంది. కాకపోతే దాని స్వరూపం వేరు. కాబట్టి ‘మూలంలో చుట్టుకథే లేదు’ అన్న మాట నిలవదు; ‘దాని అర్థం మార్చారు’ అన్న ఫిర్యాదు మాత్రం కొంతవరకు నిలుస్తుంది. ఆ మార్పు సూచించింది దర్శకుడు రాబర్ట్ వీనేనా, మొదట దర్శకుడిగా అనుకున్న ఫ్రిట్జ్ లాంగా అన్న విషయంలోనూ కథనాలు కలవవు.

4. తదనంతర సంబంధం. స్క్రిప్ట్ వ్యవహారం పోమర్‌కూ రచయితలకూ మధ్య శాశ్వత వైరం తెచ్చిందని అనుకోవడానికి ఒక అడ్డంకి ఉంది. 1921లో డెక్లా-బయోస్కోప్ ఉఫా సంస్థలో కలిసింది. 1923 నుంచి అక్కడ నిర్మాణాధిపతి పోమరే. ఆయన హయాంలో దర్శకుడు మూర్నౌ తీసిన ‘చివరి మనిషి’ (1924)కి స్క్రిప్ట్ రాసింది అదే కార్ల్ మయర్. కార్ల్ ఫ్రాయిండ్ కెమెరాకు ఆ చిత్రంలో అసాధారణమైన చలనం లభించింది. రచయిత, దర్శకుడు, ఛాయాగ్రాహకుడు మొదటి నుంచి కలిసి పనిచేసే పద్ధతికి ఇది బహుశా కాలిగరి కంటే స్పష్టమైన సాక్ష్యం.

5. ‘మెట్రోపోలిస్’ నష్టం. ఉఫాకు ఫ్రిట్జ్ లాంగ్ తీసిన ఈ చిత్రం చిత్రీకరణ 1925 మేలో మొదలై 1926 అక్టోబర్ దాకా సాగింది; వ్యయం 50 లక్షల మార్కులు దాటిందని సాధారణంగా చెబుతారు. పోమర్ 1926 ఆరంభంలోనే ఉఫాను వీడారు. ఈ తేదీలను బట్టి నష్టం మొత్తం భారాన్ని ఆయనపైనే మోపడం సమంజసంగా కనిపించదు. అలాగని పథకాన్ని ఆమోదించిన బాధ్యత నుంచి ఆయన తప్పుకోలేరు.

6. భారతీయ సంబంధం. వాల్తేరులో పుట్టిన నటి దేవికా రాణి ఉఫాలో పోమర్ దగ్గర శిక్షణ పొందారని ఆమె జీవిత కథనాల్లో కనిపిస్తుంది. దీన్ని బట్టి, ఆమె భర్త హిమాంశు రాయ్‌తో కలిసి నెలకొల్పిన బాంబే టాకీస్ సంస్థను పోమర్ వారసత్వంగా చెప్పడం తొందరపాటు. అక్కడ పనిచేసిన దర్శకుడు ఫ్రాంజ్ ఓస్టెన్, ఛాయాగ్రాహకుడు జోసెఫ్ విర్షింగ్‌లు రాయ్‌కి పరిచయమైంది అంతకుముందే, మ్యూనిక్ సంస్థ ఎమెల్కా ద్వారా.

తిరిగి ఉఫాకు వచ్చాక పోమర్ ‘నీలి దేవదూత’ (1930) నిర్మించారు. యూదుడైనందున 1933లో ఆ కొలువు పోయింది. పారిస్, లండన్, హాలీవుడ్‌లలో పనిచేసి, 1946లో అమెరికా సైనిక పాలన తరఫున చలనచిత్ర అధికారిగా జర్మనీకి వెళ్లారు.

పై ఆధారాలను కలిపి చూస్తే, కాలిగరిని ‘సృష్టించిన’ నిర్మాత అన్న పెద్ద మాటకు బలం తక్కువ. ఆ స్క్రిప్ట్ కొనుగోలు ఆయన పాలుకు రుజువు. మిగతాదానికి సాక్షులు ఒప్పుకోవడం లేదు. భిన్న ప్రతిభలను ఒక సంస్థలో నిలిపి ఉంచారన్న చిన్న మాటకు మాత్రం కార్ల్ మయర్ మళ్లీ అదే గడప తొక్కడం సాక్ష్యంగా నిలుస్తుంది.