ఆరు గంటల దూరం

ఉప్పెన అనగానే మనకి 1977 నవంబరు, దివిసీమ గుర్తొస్తాయి. ఉప్పెనంటే వెచ్చటి సముద్రాల వ్యవహారమే అనిపిస్తుంది. కానీ 1953 జనవరి 31, శనివారం రాత్రి గడ్డకట్టే చలిలో ఉత్తర సముద్రం తీరం మీద పడింది. పౌర్ణమి దాటిన పెద్దపోటు, దానికి తోడు వాయవ్యం నుంచి పెనుగాలి. ఆ సముద్రం దక్షిణానికి పోయేకొద్దీ గరాటులా సన్నబడుతుంది, లోతూ తగ్గుతుంది. గాలి నెట్టిన నీళ్ళన్నీ ఆ మూలకి చేరి గట్లు దాటాయి. నెదర్లాండ్స్‌లో 1,836 మంది, ఇంగ్లండ్‌లో 307 మంది పోయారు.

నన్ను పట్టుకుని వదలనిది అంకెలకంటే గడియారం. ఇంగ్లండ్ తూర్పుతీరంలో లింకన్‌షర్ మునిగింది రాత్రి ఏడింటప్పుడు. థేమ్స్ నది ముఖద్వారంలో ఉన్న కాన్వీ దీవికి నీళ్ళొచ్చింది అర్ధరాత్రి దాటాక. మధ్యలో దాదాపు 6 గంటలు. పైన ఊళ్ళు మునుగుతుంటే కింద జనం మామూలుగా పడుకున్నారు. టెలిఫోన్ తీగలు తెగిపోయాయి, నిజమే. అసలు ఒక ఊరు మునిగితే తర్వాతి ఊరికి చెప్పే ఏర్పాటంటూ ఒకటి ఉంటే కదా! కాన్వీలో 58 మంది చనిపోయారు.

నెదర్లాండ్స్‌ది ఇంకో కథ. అక్కడ వాతావరణశాఖ ముందే పసిగట్టింది, సాయంత్రమే టెలిగ్రాములు పంపింది. అవి వెళ్ళింది చందా కట్టినవాళ్ళకి మాత్రమే. శనివారం కాబట్టి ఆఫీసులు మూసేశారు. అర్ధరాత్రికి రేడియో కూడా ఆగిపోయింది.

అంతకుముందు ఎన్నో ఏళ్ళుగా గట్ల ఎత్తు చాలదని మొత్తుకున్న ఇంజనీరు ఒకాయన ఉన్నాడు, యోహాన్ ఫాన్ వేన్. 'డాక్టర్ కసాండ్రా' అనే మారుపేరుతో రాసేవాడు. గ్రీకు పురాణాల్లో కసాండ్రా చెప్పే జోస్యం నిజమే అవుతుంది, కానీ ఎవరూ నమ్మరు. ఉప్పెన వచ్చిన మూడు వారాల్లో డెల్టా కమిషన్ వేసి, ఆయన్నే దానికి కార్యదర్శిని చేశారు. గట్టు ఎంత ఎత్తు కడితే ఖర్చుకీ నష్టానికీ లెక్క సరిపోతుందో ఫాన్ డాంట్సిగ్ అనే గణితశాస్త్రజ్ఞుడు తేల్చాడు. 1997లో రోటర్‌డామ్ దగ్గర మాస్లాంట్ అడ్డుగేట్లు పూర్తయ్యాయి. వాటిని ఎప్పుడు మూయాలో కంప్యూటరే నిర్ణయిస్తుంది.

సాఫ్ట్‌వేర్ వాణ్ణి కాబట్టి ఆ గేట్లంటే నాకూ ముచ్చటే. అయినా నా ఆలోచన ఆ టెలిగ్రాముల దగ్గరే ఆగిపోతుంది. అంచనా తప్పలేదు, వార్త కూడా టైముకే బయల్దేరింది. అలర్ట్ ఎన్నింటికి పంపామో మా లాగ్‌లలో సెకన్లతో సహా ఉంటుంది. అది చూసి పక్కింటి తలుపు కొట్టింది ఎవరో ఏ లాగ్‌లోనూ ఉండదు. జేలండ్ దీవుల్లో ఆ రాత్రి కావలసింది అదే.