రెండు సబ్బు బిళ్ళలు

యుద్ధచిత్రమనగానే ఫిరంగుల మ్రోతను, జయజయధ్వానములను తలచుకొని పోవువారికి, ఆంగ్లమున ‘బేలడ్ ఆఫ్ ఎ సోల్జర్’ అను పేర ప్రసిద్ధమైన 1959 నాటి సోవియట్ మోస్‌ఫిల్మ్ సంస్థవారి చిత్రము కొంత ఆశాభంగము కలిగింపవచ్చును. ఏలయన అందు పోరాటము తొలి నిమిషములలోనే ముగిసి, తక్కిన కథయంతయు రైలుపెట్టెలలోను, స్టేషనులలోను, చీకటి మెట్లమీదను నడచును. రెండు జర్మను ట్యాంకులను కూల్చిన పందొమ్మిదేండ్ల అల్యోషా, పతకమునకు మారుగా, తల్లిని చూచి ఇంటికప్పు బాగుచేసి వచ్చుటకు సెలవడుగును. పోవుటకు రెండు దినములు, మరలివచ్చుటకు రెండు, కప్పునకు రెండు: సేనాని కట్టిన లెక్క ఇది.

ఆ అల్యోషా వేషము మొదట ఓలెగ్ స్త్రిజేనవ్ అను ప్రసిద్ధనటునిది. యుద్ధమున పారాచూటు దళమునందుండి పలుమారు గాయపడిన దర్శకుడు గ్రిగోరీ చుఖ్రాయ్, తోడి సైనికుల పసిమొగములను మరవలేదు కాబోలు, ఆరితేరిన నటుని మాన్పించి, చలనచిత్ర విద్యాలయమున చదువుకొనుచున్న వ్లదీమిర్ ఇవషోవ్‌ను నిలిపెను. 1939లో పుట్టిన ఆ బాలునకు నటన అంతగా రాదు. రాకపోవుటయే కావలసివచ్చినది.

దారిలో ఎదురైన సైనికుడొకడు తన భార్య కిమ్మని, దళమునకంతకు పంచవలసిన రెండు సబ్బు బిళ్ళలను అల్యోషా చేతిలో పెట్టించును. వెదకి పోయిన ఇంటి మెట్లపై ఒక పిల్లవాడు సబ్బునీటి బుడగ లూదుచుండును. లోపల ఆమె పరపురుషునితో నున్నది. సబ్బు నక్కడ పెట్టి దిగివచ్చినవాడు, ఉన్నట్లుండి మరల పైకెక్కి, దానిని తీసికొనిపోయి సైనికుని తండ్రి కిచ్చును. అక్కడ ఇవషోవ్ ముఖమున కోపముకంటె సిగ్గే ఎక్కువగ కానవచ్చును. శిక్షితుడైన నటుడు కోపమునే చూపియుండునని నా తలంపు.

దారిపొడవున పరుల పనులకే దినములు చెల్లి, తల్లిని బాటమీద కౌగిలించుకొనుటకు కొన్ని నిమిషములే మిగిలెను. కప్పు జోలికి పోనేలేదు.

చిత్రమునకు 1961లో లెనిన్ బహుమానము వచ్చెను. ఇవషోవ్ పిమ్మట పెక్కు పాత్రలు ధరించెను గాని, లెర్మొంతోవ్ నవలానాయకుడు పెచోరిన్‌గా నటించినప్పుడు తెరపై వినబడిన గొంతు సైతము తిఖోనవ్ అను మరియొక నటునిది. సోవియట్ రాజ్యము కూలిన పిదప చిత్రములు కరవై, ఇవషోవ్ కట్టడపుపనులలో కూలికి కుదిరి, 1995 మార్చిలో, ఏబదియైదవ యేట మరణించెను.