వాటర్‌ఫోర్డ్: వైకింగులు పునాది వేసిన ఐరిష్ నగరం

వాటర్‌ఫోర్డ్ ఐర్లండ్ ఆగ్నేయ మూలన, ష్యూర్ నది దక్షిణపు ఒడ్డున ఉన్న రేవు పట్టణం. ఐర్లండ్ రిపబ్లిక్‌లో జనాభాపరంగా ఇది అయిదో నగరం. 2022 జనాభా లెక్కల నాటికి శివార్లతో కలిపి సుమారు 60 వేల మంది ఇక్కడ ఉన్నారు. దేశంలోకెల్లా పాత నగరంగా దీనికి పేరు. డబ్లిన్‌లో వైకింగుల స్థావరం 841లోనే వెలిసింది కాబట్టి ఆ పేరు డబ్లిన్‌కు దక్కాలని వాదించేవాళ్లు ఉన్నారు. అయితే 902లో ఐరిష్ రాజులు వైకింగులను డబ్లిన్ నుంచి తరిమేశారు. వాళ్లు తిరిగి వచ్చి అక్కడ కుదురుకున్నది 917లో. వాటర్‌ఫోర్డ్‌లో 914లో మొదలైన కాపురం ఆ తర్వాత ఎన్నడూ ఖాళీ కాలేదు. నగరంగా ఎడతెగకుండా బతకడమే లెక్క అయితే వాటర్‌ఫోర్డ్ వాదనకే బలం ఎక్కువ.

నగరం పేరు నార్స్ భాష నుంచి వచ్చింది. ‘పొట్టేళ్ల కడలిపాయ’ అని కొందరు, ‘గాలి వీచే కడలిపాయ’ అని మరికొందరు పండితులు అర్థం చెబుతారు. ఐరిష్ భాషలో దీని పేరు పూర్తిగా వేరు: పోర్ట్ లార్గె.

నది, రేవు

ఈ నగరం చరిత్రకు మూలం దాని నీళ్లలోనే ఉంది. ష్యూర్, నోర్, బారో నదులను ఇక్కడివాళ్లు ముగ్గురు అక్కచెల్లెళ్లు అంటారు. మూడూ కలిసి ఒకే ముఖద్వారం గుండా సముద్రంలోకి పోతాయి. పోటు వచ్చినప్పుడు సముద్రపు నీరు నగరం దాటి ఎగువకు పాకుతుంది. సముద్రపు ఓడ తుఫానుకు దొరకకుండా లోపలికి వచ్చి ఆగగలదు, అక్కడి నుంచి పడవ మీద సరుకు దేశం నడిబొడ్డు దాకా పోగలదు. సారవంతమైన కిల్కెన్నీ, టిప్పరరీ పొలాలన్నిటికీ ఇదే వాకిలి. ఓడే ఇల్లుగా బతికిన జాతికి ఇంతకంటే అనువైన చోటు ఆ తీరంలో లేదు.

దోపిడీ దండు నుంచి బజారు దాకా

914లో పెద్ద వైకింగ్ నౌకాదళం ఒకటి వాటర్‌ఫోర్డ్ ముఖద్వారంలోకి ప్రవేశించిందనీ, మరుసటి ఏడు ఇంకొన్ని ఓడలు వచ్చి కలిశాయనీ ఐరిష్ మఠాల వార్షిక వృత్తాంతాలు నమోదు చేశాయి. ఈ దండు మన్‌స్టర్, లెన్‌స్టర్ ప్రాంతాల్లోని మఠాలను కొల్లగొట్టింది. 917లో రాగ్నల్ అనే నాయకుడు ఇక్కడికి వచ్చాడు. అతనిది ఈవార్ వంశం. డబ్లిన్‌ను, ఇంగ్లండ్‌లోని యార్క్‌ను ఏలిన వంశం అదే. ష్యూర్ నదికీ, సెయింట్ జాన్స్ వాగు పక్కనున్న చిత్తడినేలకూ మధ్య ముక్కోణపు ఎత్తు నేల మీద వీళ్లు కోట కట్టుకున్నారు. ఇవాళ ‘వైకింగ్ ట్రయాంగిల్’ అని పిలిచే పేట అదే.

అంతకుముందే ఈ నది మీద వైకింగుల ఉనికి ఉండేదన్న సంగతి 2003లో బయటపడింది. నగరానికి బైపాస్ రోడ్డు వేయడానికి ముందు తవ్వకాలు జరుపుతుంటే, ఎగువన వుడ్స్‌టౌన్ దగ్గర నది ఒడ్డున తొమ్మిదో శతాబ్దపు స్థావరం దొరికింది. చుట్టూ కందకం, లోపల వెండి ముక్కలు, ఓడ మేకులు, కత్తితోనూ డాలుతోనూ పూడ్చిన ఒక యోధుడి సమాధి. అన్నిటికంటే ఎక్కువగా మాట్లాడేవి అక్కడ కుప్పలుగా దొరికిన సీసపు తూకపురాళ్లు. నాణేలు లేని రోజుల్లో వెండిని నరికి, తూచి, సరుకుకు బదులుగా ఇచ్చేవారు. దోచుకున్న సొత్తుకు తూకపురాయి అక్కర్లేదు, అమ్మకానికే అది కావాలి. వుడ్స్‌టౌన్ కాపురస్థులు అప్పటికే వర్తకులుగా మారుతున్నారని ఆ రాళ్లే చెబుతున్నాయి. రోడ్డు దారి మళ్లించి స్థలాన్ని కాపాడారు.

వైకింగులు అనగానే మఠాలు తగలబడటమే గుర్తుకొస్తుంది. అది నిజం, దాన్ని తక్కువ చేయకూడదు. మనుషులను పట్టుకుపోయి బానిసలుగా అమ్మడం ఐర్లండ్ వైకింగ్ రేవుల ఆదాయంలో పెద్ద భాగం. కానీ వాళ్లు రాకమునుపు ఐర్లండ్‌లో మఠాల చుట్టూ చేరిన పల్లెలే తప్ప, కొనడం అమ్మడం మీదే బతికే పట్టణం లేదు. డబ్లిన్, వెక్స్‌ఫర్డ్, వాటర్‌ఫోర్డ్, కార్క్, లిమెరిక్ పట్టణాలు అయిదింటికీ పునాది వైకింగులదే. ఐర్లండ్‌లో తొలి నాణేలు ముద్రించింది కూడా డబ్లిన్ వైకింగ్ రాజు సిట్రిక్, 997 ప్రాంతంలో. వాళ్లు పెట్టిన నిప్పు చల్లారింది కానీ, కట్టిన బజారు ఇప్పటికీ నడుస్తోంది.

ఆ బజారు రూపం 1986-1992 మధ్య నగరం నడిమధ్యలో జరిగిన తవ్వకాల్లో తేలింది. గుంజలు పాతి, పుల్లలతో తడికలు అల్లి కట్టిన పొడవాటి ఇళ్లు, వీధివైపు సన్నగా మొదలై పెరటివైపు పొడుగ్గా సాగే స్థలాలు, నేల తవ్వి దించిన గదులు కనిపించాయి. 1100 ప్రాంతానికి చెందిన, వెండి మీద బంగారం తాపడం చేసిన గాలిపటం ఆకారపు పైట పిన్ను ఒకటి నగరంలో దొరికింది. ఐరిష్ పనితనం, స్కాండినేవియా పోకడ అందులో విడదీయలేనంతగా కలిసిపోయాయి. పదకొండో శతాబ్దం చివరికి మనుషులూ అలాగే కలిశారు. నార్స్ కుటుంబాలు క్రైస్తవం పుచ్చుకుని, ఐరిష్ రాజవంశాలతో వియ్యమందాయి. 1096లో నగరవాసులు తమకో బిషప్ కావాలని కోరితే, కాంటర్‌బరీ ఆర్చిబిషప్ అన్సెల్మ్ మాల్కస్ అనే ఐరిష్ సన్యాసిని నియమించాడు. తమ చుట్టూ ఉన్న ఐరిష్ మఠాలను కాదని సముద్రం అవతలి పీఠాన్ని అడగడంలోనే ఈ వర్తకుల చూపు ఎటు ఉందో తెలుస్తుంది.

1170: స్ట్రాంగ్‌బో

లెన్‌స్టర్ రాజు డెర్మట్ మెక్‌మరో గద్దె పోగొట్టుకుని, దాన్ని తిరిగి గెలవడానికి వేల్స్‌లోని నార్మన్ ప్రభువులను పిలిచాడు. 1170 మే నెలలో రేమండ్ లె గ్రో చిన్న దండుతో బాగిన్‌బన్ దగ్గర దిగి, తన మీదికి వచ్చిన వాటర్‌ఫోర్డ్ సేనను ఓడించాడు. పట్టుబడిన సుమారు 70 మంది నగరవాసుల కాళ్లూ చేతులూ విరగ్గొట్టి కొండ మీద నుంచి సముద్రంలోకి తోశారు. ఆగస్టులో రిచర్డ్ డి క్లేర్, అంటే చరిత్ర స్ట్రాంగ్‌బోగా ఎరిగిన మనిషి, పెద్ద సేనతో దిగాడు. నగరం రెండుసార్లు దాడిని తిప్పికొట్టింది. మూడోసారి ప్రాకారానికి ఆనుకుని ఉన్న ఒక కొయ్య ఇల్లు రేమండ్ కంటబడిందని ఆ కాలపు రచయిత గెరాల్డ్ ఆఫ్ వేల్స్ రాశాడు. దాని ఊతగుంజ గోడ బయట నేల మీద ఆని ఉంది. గుంజను నరికారు. ఇల్లు కూలుతూ గోడనూ లాక్కుపోయింది. ఆ గండిగుండా సైన్యం లోపలికి వచ్చి వీధుల్లో ఊచకోత కోసింది. సిట్రిక్ అనే పేరున్న ఇద్దరు నాయకులను చంపారు. రాగ్నల్ అనే నాయకుడు డెర్మట్ అడ్డుపడటంతో బతికాడు.

శవాలు ఇంకా తీయకముందే డెర్మట్ కూతురు ఈఫాకు స్ట్రాంగ్‌బోతో పెళ్లి జరిగింది. డేనియల్ మక్లీస్ 1854లో గీసిన పెద్ద చిత్రం ఈ పెళ్లిదే. ఇప్పుడది డబ్లిన్‌లోని నేషనల్ గ్యాలరీలో ఉంది. ఐర్లండ్ మీద ఇంగ్లండ్ పెత్తనానికి మొదలు ఎక్కడని అడిగితే ఆ చిత్రాన్ని చూపే ఐరిష్‌వాళ్లు ఎందరో. మరుసటి ఏడు అక్టోబరులో, స్ట్రాంగ్‌బో సొంత రాజ్యం పెట్టుకుంటాడేమోనన్న అనుమానంతో రెండో హెన్రీ సుమారు 400 ఓడలతో వాటర్‌ఫోర్డ్ ముఖద్వారంలో దిగాడు. ఐర్లండ్ గడ్డ మీద కాలుపెట్టిన మొదటి ఇంగ్లిష్ రాజు అతనే. వాటర్‌ఫోర్డ్, డబ్లిన్ నగరాలను ప్రభువులకు వదలకుండా రాజు సొంత నగరాలుగా ఉంచుకున్నాడు.

పాత నార్స్ కుటుంబాలు ఏమయ్యాయన్న ప్రశ్న చరిత్ర పుస్తకాల్లో తరచూ జారిపోతుంది. ఇంగ్లిష్ పాలకులు వాళ్లను ‘ఆస్ట్‌మెన్’, అంటే తూర్పువాళ్లు అన్నారు. 1311 నాటి వాటర్‌ఫోర్డ్ కోర్టు కేసు ఒకటి వాళ్ల స్థితిని కళ్లకు కడుతుంది. మెక్‌గిలమోరీ అనే నార్స్ కుటుంబంలోని జాన్‌ను చంపానని రాబర్ట్ లె వేలిస్ ఒప్పుకున్నాడు. అయితే చచ్చినవాడు ఐరిష్‌వాడు కాబట్టి చట్టం ప్రకారం అది నేరమే కాదని వాదించాడు. అతను ఐరిష్‌వాడు కాదు, ఆస్ట్‌మన్. ఆ వంశానికి రెండో హెన్రీయే ఇంగ్లిష్ చట్టం రక్షణ ఇచ్చాడు అని రాజు తరఫు న్యాయవాది జవాబు చెప్పాడు. స్వదేశంలో ఒక ఐరిష్‌వాడి ప్రాణానికి విలువ లేకపోవడం, వచ్చి స్థిరపడ్డవాడి మనవడి ప్రాణానికి ఉండటం అప్పటి న్యాయం. ఆక్రమణ అంటే ఏమిటో యుద్ధ వర్ణనల కంటే ఈ కేసే ఎక్కువ చెబుతుంది.

రెజినాల్డ్ బురుజు

రేవు చివర నిలిచిన గుండ్రటి రాతి బురుజు నగరానికి గుర్తు. రెజినాల్డ్ అంటే రాగ్నలే. ఇప్పుడున్న కట్టడం పదమూడో శతాబ్దపు నార్మన్లది, అడుగున గోడల మందం మూడు మీటర్లకు పైమాటే. కాలాన్ని బట్టి ఇది నాణేల టంకసాల, మందుగుండు కొట్టు, జైలు, పోలీసు అధికారి నివాసం అయింది. ప్రస్తుతం ఇందులో వైకింగ్ ప్రదర్శనశాల ఉంది.

రాజపత్రాల నగరం

మధ్యయుగంలో వాటర్‌ఫోర్డ్ ఉన్నీ, తోళ్లు పంపి బోర్డో ద్రాక్షసారా తెచ్చుకుని బలిసింది. దానికి పక్కలో బల్లెం న్యూ రాస్. బారో నది మీద స్ట్రాంగ్‌బో అల్లుడు విలియం మార్షల్ పెట్టిన పట్టణమది. ముఖద్వారంలోకి వచ్చే ఓడలు ముందు ఎవరి రేవులో సరుకు దించాలన్న తగాదా తరాల తరబడి సాగింది. తమ హక్కును రాజు ముందు పెట్టడానికి వాటర్‌ఫోర్డ్ పెద్దలు 1373 ప్రాంతంలో పాత రాజపత్రాలన్నీ కలిపి, రంగు బొమ్మలతో నాలుగు మీటర్ల పొడవున ఒక చర్మపత్రపు చుట్ట చేయించారు. అందులో మూడో ఎడ్వర్డ్ బతికుండగానే వేసిన అతని బొమ్మ, డబ్లిన్, వాటర్‌ఫోర్డ్, కార్క్, లిమెరిక్ మేయర్ల బొమ్మలు ఉన్నాయి. ఇంత అందమైన వ్యాజ్యపత్రం ఆ కాలపు ఐర్లండ్‌లో మరొకటి లేదు. ఇప్పుడది నగరంలోని మధ్యయుగ మ్యూజియంలో ఉంది.

రాజుకు విధేయంగా ఉండటం ఈ నగరం వర్తక నీతి. 1487లో దొంగ రాజు లాంబర్ట్ సిమ్నెల్‌ను డబ్లిన్ నెత్తిన పెట్టుకుంటే వాటర్‌ఫోర్డ్ కాదంది. 1495లో మరో దొంగ వారసుడు పెర్కిన్ వార్బెక్ పదకొండు రోజులు ముట్టడించినా లొంగలేదు. అందుకు ఏడో హెన్రీ ఇచ్చినదే ‘వాటర్‌ఫోర్డ్ అభేద్యంగా నిలుస్తుంది’ అన్న లాటిన్ నినాదం. ఎనిమిదో హెన్రీ 1536లో మేయర్‌కు పంపిన ఎర్ర మఖ్మల్ టోపీ ఇప్పటికీ నగరం దగ్గరే ఉంది.

కానీ నగరం మతం మార్చుకోలేదు. కాథలిక్‌గానే ఉండిపోయింది. 1649 చలికాలంలో ఇంగ్లిష్ సేనాని క్రామ్‌వెల్ వచ్చి, జబ్బులతో సైన్యం కరిగిపోవడంతో వెనుదిరిగాడు. 1650 ఆగస్టులో అతని అల్లుడు ఐర్టన్‌కు మాత్రం తలవంచక తప్పలేదు. ఆ విపత్తుకు ముందు కథీడ్రల్ గురువులు తమ పూజావస్త్రాలను దాచేశారు. అవి 1460ల నాటి ఇటలీ మఖ్మల్, బంగారు జరీ, కుట్టుపని చేసిన బట్టలు. దాచినవాళ్లతో పాటే ఆ రహస్యమూ పోయింది. 1773లో పాత కథీడ్రల్ కూలగొడుతుంటే అవి చెక్కుచెదరకుండా బయటపడ్డాయి. అప్పుడు చర్చి ప్రొటెస్టెంట్ల చేతిలో ఉంది. వాళ్ల బిషప్ ఆ వస్త్రాలను కాథలిక్ బిషప్‌కు అప్పగించాడు. కాథలిక్కులను చట్టాలు అణచిపెట్టిన రోజుల్లో అది చిన్న మర్యాద కాదు. కొత్త ప్రొటెస్టెంట్ కథీడ్రల్ కట్టిన జాన్ రాబర్ట్స్ చేతే 1793లో కాథలిక్కులూ తమ కథీడ్రల్ కట్టించుకున్నారు.

గాజు, వలస, జెండా

పద్దెనిమిదో శతాబ్దంలో నగరానికి సిరి తెచ్చింది ఉప్పుకండ, వెన్న. ఏటా వసంతంలో ఓడలు వీటిని, వేలాది కూలీలను న్యూఫౌండ్‌లాండ్ కాడ్ చేపల వేటకు మోసుకుపోయేవి. వాటర్‌ఫోర్డ్ చుట్టుపక్కల ఊళ్ల నుంచి అలా వెళ్లి అక్కడే ఉండిపోయినవాళ్ల యాస కెనడాలోని ఆ దీవిలో నేటికీ వినిపిస్తుంది.

1783లో జార్జ్, విలియం పెన్‌రోజ్ ఇక్కడ గాజు కార్ఖానా పెట్టారు. 1825లో గాజు మీద వేసిన పన్ను పరిశ్రమను కుంగదీసింది, 1851లో అది మూతపడింది. 1947లో చెకొస్లొవేకియా నుంచి వచ్చిన చార్లెస్ బాచిక్ దాన్ని మళ్లీ నిలబెట్టాడు. వాటర్‌ఫోర్డ్ క్రిస్టల్ పేరు ప్రపంచమంతా పాకింది, ఒక తరం నగరమంతా ఆ కొలిమి వేతనంతోనే ఇళ్లు కట్టుకుంది. 2009 జనవరిలో ఫ్యాక్టరీ ఆగినప్పుడు కార్మికులు వారాల తరబడి ఆవరణ వదల్లేదు. 2010 నుంచి నగరం నడుమ ఒక చిన్న కార్ఖానా నడుస్తోంది. ఉత్పత్తిలో ఎక్కువ భాగం విదేశాలకు తరలిపోయింది.

న్యూఫౌండ్‌లాండ్ వర్తకంలో గడించిన కుటుంబంలో 1823లో పుట్టినవాడు థామస్ ఫ్రాన్సిస్ మార్. 1848 మార్చి 7న ది మాల్ వీధిలోని ఒక ఇంటి కిటికీ నుంచి ఆకుపచ్చ, తెలుపు, నారింజ పట్టీల జెండాను తొలిసారి ఎగరేసింది అతనే. ఆకుపచ్చ కాథలిక్కులకు, నారింజ ప్రొటెస్టెంట్లకు, నడుమ తెలుపు వాళ్ల మధ్య సంధికి అన్నది అతని భావం. తిరుగుబాటు నేరానికి ప్రభుత్వం అతన్ని టాస్మేనియాకు పంపితే, తప్పించుకుని అమెరికా చేరి అంతర్యుద్ధంలో ఐరిష్ బ్రిగేడ్‌ను నడిపాడు. ఆ జెండాయే నేటి ఐర్లండ్ జాతీయ పతాకం. 1922 జులైలో ఐరిష్ అంతర్యుద్ధం వాటర్‌ఫోర్డ్‌కూ వచ్చింది. బ్రిటన్‌తో కుదిరిన ఒప్పందాన్ని వ్యతిరేకించిన దళాలు నగరాన్ని పట్టుకుంటే, ప్రభుత్వ సేనలు నది అవతలి కొండ మీద నుంచి ఫిరంగులు పేల్చి కొద్ది రోజుల్లోనే స్వాధీనం చేసుకున్నాయి.

వర్తమానం

2009లో ప్రారంభమైన, 230 మీటర్ల ప్రధాన ప్రవాహ విస్తారమున్న తీగల వంతెనకు మార్ పేరు పెట్టారు. వుడ్స్‌టౌన్‌ను వెలికితీసిన బైపాస్ రోడ్డు మీదిదే ఈ వంతెన. 2014లో నగర, కౌంటీ పాలక మండళ్లు ఒకటయ్యాయి. 2022లో ఇక్కడి సాంకేతిక విద్యాసంస్థ, కార్లో సంస్థతో కలిసి సౌత్ ఈస్ట్ టెక్నలాజికల్ యూనివర్సిటీ అయింది. పిండి చల్లిన మెత్తటి రొట్టె ‘బ్లా’ లేనిదే ఇక్కడ పొద్దు పొడవదు. దానికి 2013లో యూరోపియన్ యూనియన్ భౌగోళిక గుర్తింపు ఇచ్చింది.

రేవు మాత్రం నగరం నుంచి కదిలిపోయింది. కంటైనర్ ఓడలకు లోతు, చోటు కావాల్సి రావడంతో సరుకు దింపే పని 1990లలో దిగువన బెల్‌వ్యూకు మారింది. పేరు పోర్ట్ ఆఫ్ వాటర్‌ఫోర్డే అయినా ఆ స్థలం నది అవతల కిల్కెన్నీ కౌంటీలో ఉంది. ఉత్తరపు ఒడ్డున నగరం హద్దు ఎంతవరకన్న వివాదం రెండు కౌంటీల మధ్య ఈ శతాబ్దంలోనూ సాగుతోంది.