హుకుం జారీ అయితే సరిపోదు



మన బెల్లంకొండ కోటను రెడ్డిరాజులు, గజపతులు, కృష్ణదేవరాయలు, కుతుబ్‌షాహీలు ఏలారు. ఆ హుకూమత్‌లు పోయాయి. పాత సర్కారీ జబాన్ మాత్రం ఆఫీసుల్లో ఇంకా బతికే ఉంది: తహశీల్దారు, హుకుం, జారీ, ఫిర్యాదు, వకీలు, అమలు. ఈ ‘అమలు’ మన ‘అమల్’ అనే లఫ్జే. హుకుం పాటించడాన్ని ‘తామీల్’ అంటాం కదా, అదీ ఆ ఖాందాన్‌దే. జారీ అయిన హుకుంను కావాలని తామీల్ చేయకపోతే అది తౌహీనె అదాలత్, కోర్టు ధిక్కారం.

జడ్జిగారిని తిడితే పడే సజా ఇదని చాలామంది అనుకుంటారు. అదొక రకమే. 1971 చట్టంలో ఇంకో రకం ఉంది: కోర్టు ఆదేశాన్ని, కోర్టుకిచ్చిన మాటను తెలిసీ తోసిపుచ్చడం. గరీబులకు పనికొచ్చేది ఇదే.

పల్నాడు 2022లో వేరు జిల్లా అయింది. అంతకుముందు మనదీ గుంటూరు జిల్లాయే. ఆ జిల్లాలో, 2013 డిసెంబరు 11న హైకోర్టు ఇచ్చిన ఆదేశాన్ని కాదని ఒక తహశీల్దారు పేదల గుడిసెలు కూల్పించాడు. హైకోర్టు రెండు నెలల ఖైదు వేసింది. ఆలోపు ఆయన డిప్యూటీ కలెక్టరయ్యాడు. 2025 మే 9న సుప్రీంకోర్టులో జస్టిస్ గవాయ్, జస్టిస్ మసీహ్ ఆయన పిల్లల ముఖం చూసి జైలు తప్పించారు గానీ, మళ్లీ తహశీల్దారుగా దించి, లక్ష రూపాయల జుర్మానా వేశారు. ఇన్సాఫ్ దొరికింది, పదకొండేళ్లకు.

దొరకని కథ మనందరి దిల్‌లో ఉంది. అయోధ్య విషయంలో కోర్టుకిచ్చిన మాట తప్పినందుకు కల్యాణ్‌సింగ్‌కు 1994 అక్టోబరు 24న ఒక్కరోజు ఖైదు, రెండు వేల జుర్మానా పడ్డాయి. ఆ సజా మస్జిద్ షహాదత్‌కని చాలామంది అనుకుంటారు. కాదు, 1992 జులైలో అక్కడ కట్టిన చబుత్రాకు. షహాదత్‌పై వేసిన ధిక్కార పిటిషన్‌ను 2022 ఆగస్టు 30న మూసేశారు. అప్పటికి ఫిర్యాదీ అస్లం భూరే ఇంతకాల్ అయి పన్నెండేళ్లు.

ఆలస్యం ఇన్సాఫ్‌ను ఎలా తినేస్తుందో చూశారు కదా. అందుకే మీకు కోర్టు హుకుం వస్తే కాపీని పెట్టెలో దాచకండి. సంబంధిత అధికారికి అందజేసి రసీదు తీసుకోండి, ‘నాకు తెలియదు’ అనే బహానా మిగలదు. ధిక్కారం జరిగితే ఏడాదిలోపే కోర్టుకెళ్లాలి. 20వ సెక్షన్ గడువు అంతే.

అమల్ లేని ఇల్మ్‌తో ఫాయిదా లేదని జుమా బయాన్‌లో వింటుంటాం. హుకుం సంగతీ అంతే.